ప్రసారార్థం ఒక పెళ్ళి

మా దృశ్య వినోద కేంద్రంలో విలువల విభాగం అని ఒకటుంది. కెమెరాల విభాగానికి ఒక గది, సంగీత విభాగానికి అర గది, విలువల విభాగానికి మాత్రం మేడ మీద అంతస్తు మొత్తం ఇచ్చారు. విలువలు అంత చోటు తింటాయని ఉద్యోగంలో చేరేదాకా నాకు తెలియదు. ఆ విభాగానికి అధిపతి వామనమూర్తిగారు. ఆయన సంతకం లేనిదే మా బెజవాడ కేంద్రం నుంచి వాతావరణ విశేషాలు కూడా బయటికి పోవు. ఒకసారి వార్తలు రాసే ఆయన అలలు తీరాన్ని ముద్దాడాయని రాసిన పాపానికి మెమో అందుకున్నాడు. అప్పటినుంచి మా వార్తల్లో అలలు తీరం దాకా వచ్చి, మర్యాదగా ఆగి, వెనక్కి వెళ్ళిపోతున్నాయి.

ఆ ఏడాది పైనుంచి మాకు ఉత్సాహం వచ్చింది. మా దగ్గర ఉత్సాహం ఎప్పుడూ పైనుంచే వస్తుంది, ఫైల్లో పెట్టుకుని. "మరుగునపడుతున్న మన సంగీత నాటకాలను తెరకెక్కించవలెను" అన్నది దాని సారాంశం. ఏ నాటకం అన్న చర్చ ఎక్కువసేపు సాగలేదు. మా డైరెక్టరుగారు చిన్నప్పుడు చూసిన నాటకం ఒక్కటే, అది "గాజుల గంధర్వుడు". అంచేత అదే మహత్తర నాటకమని తేలింది. నిర్మాణ బాధ్యత నా నెత్తిన పడింది. నా పేరు భుజంగరావు, ప్రొడ్యూసర్ని. పేరులో తప్ప నాలో ఎక్కడా బుస లేదు.

కథ తెలియనివారి కోసం చెబుతాను. పట్టయ్య అనే పిసినారికి మాణిక్యం అనే కూతురు. ఆమె మాధవుడనే పాటగాణ్ణి ప్రేమిస్తుంది. పట్టయ్య ససేమిరా అని పిల్లను ఇంట్లో పెట్టి తలుపు వేస్తాడు. మాధవుడు గాజులమ్మేవాడి వేషం కట్టి ఆ ఇంటి అరుగు మీదే దిగుతాడు. పక్కనే తండ్రి అటు తిరిగి కూర్చునుండగా పిల్ల చెయ్యి పట్టుకుని, గాజు మీద గాజు తొడుగుతూ, పాట మీద పాట పాడతాడు. తండ్రికి గాజుల ధర తప్ప మరేమీ పట్టదు. జనం ఆ సన్నివేశానికి మూడు తరాలుగా పొట్టలు పట్టుకుని నవ్వుతున్నారు.

నాటకం రాసింది సోమలింగంగారి తాత. సోమలింగంగారంటే, రేపల్లె చుట్టుపక్కల డేరా వేసుకుని తిరిగే వేణుగోపాల వినోద నాటక సమాజానికి పెద్ద. తాత, తండ్రి, తాను, ముగ్గురూ పట్టయ్య వేషమే కట్టారు. ఆ సమాజంలో నటులందరూ ఒకరికొకరు చుట్టాలే. పిల్లల్ని బయటివాళ్ళకివ్వరు. దీనికి కారణం కులమూ కాదు, గోత్రమూ కాదు. సోమలింగంగారే నాకు విప్పి చెప్పారు.

"పిల్లనిస్తే పిల్లొక్కతే పోద్దా భుజంగరావుగారూ? ఈ నాటకంలో మాణిక్యం పోద్ది, రేపటి నాటకంలో సత్యభామ పోద్ది, ఎల్లుండి దాంట్లో చెలికత్తె పోద్ది. ఒక్క పెళ్ళికి మూడు నాటకాలు మూతపడతయ్. ఎవరికయ్యా లాభం?"

మాణిక్యం వేషం వేసేది ఆయన కూతురు నీలవేణి. మాధవుడి వేషం బోసుది. ఆ కుర్రాడు చుట్టం కాదు, బాపట్ల బడిలో సంగీతం మేష్టారు. సమాజంలో అంతకుముందు మాధవుడు వేసే ఆయనకి గొంతు పోయింది. తారస్థాయి అందుకునేవాడు దొరక్క సోమలింగంగారు గతిలేక బయటివాణ్ణి రానిచ్చారు. రానిచ్చారే గానీ రిహార్సల్లో ఆ ఇద్దరి మధ్యా ఎప్పుడూ తువ్వాలు దులుపుకుంటూ ఆయనే నిలబడి ఉండేవారు. మా కెమెరా మనిషి ఏ మూల నుంచి చూసినా తువ్వాలే కనబడేది.

సంగతేమిటో ఒక సాయంత్రం టీ తెచ్చినప్పుడు నీలవేణే చెప్పింది.

"బోసుగారు మర్యాదగా వచ్చి నాన్ననడిగారండీ. 'పాటకి నువ్వు, పిల్లకి కాదు' అన్నాడు నాన్న. ఈ మాఘంలో మా బావకిచ్చి చేసేస్తానంటన్నాడు. మా బావకేమో నేనంటే భయమండీ. నిన్న నన్ను చూసి డేరా కింద నించి దూరి పారిపోయాడు." నవ్వబోయి ఆగిపోయింది. "మాఘం ఎంతో దూరం లేదు సార్. ఏం చెయ్యాలో తోచట్లా."

నాకు జాలేసింది. ప్రభుత్వోద్యోగికి జాలి వెయ్యచ్చు, అంతకు మించి అధికారం లేదు. టీ తాగి వచ్చేశాను.

స్క్రిప్టు విలువల విభాగానికి వెళ్ళింది. పిలుపొచ్చింది. వామనమూర్తిగారి ఎదుట స్క్రిప్టు మీద ఎర్ర సిరా చూస్తే వాకిట్లో మిరపకాయలు ఆరబోసినట్టుంది.

"ప్రేమ ఉన్నది" అన్నారాయన.

"ఉందండీ. నాటకం దాని గురించేనండీ."

"ఉండనిండు. ప్రేమకు మా విభాగము వ్యతిరేకము కాదు. కానీ సదరు మూడవ రంగమునందు సదరు యువకుడు సదరు యువతి హస్తమును స్వహస్తమున గ్రహించుచున్నాడు. అవివాహిత నాయికానాయకుల నడుమ సర్వకాల సర్వావస్థలయందు నాలుగడుగుల దూరము పాటింపవలెనని మన నియమావళి."

"గాజులమ్మేవాడు చెయ్యి పట్టుకోకుండా గాజులెలా తొడుగుతాడండీ?"

వామనమూర్తిగారు కళ్ళు మూసుకుని ఆలోచించారు. "విసరవచ్చును" అన్నారు.

ప్రయత్నించలేదనుకునేరు. ప్రయత్నించాం. తిరనాళ్ళలో సబ్బుబిళ్ళల మీదికి రింగులు విసిరే ఆటలాగా నీలవేణి చెయ్యి చాపి నిలబడింది, బోసు నాలుగడుగుల అవతల నుంచి పాడుతూ విసిరాడు. తారస్థాయిలో పాడుతూ గురి చూడటం మానవమాత్రుడి వల్ల కాదు. స్టూడియో అంతా గాజుముక్కలయింది. ఒక గాజు మాత్రం గురి తప్పకుండా వెళ్ళి సోమలింగంగారి చెవికి తగులుకుంది.

తరవాత గాజుల దుకాణంలో ఉంటుందే, కొయ్యచెయ్యి, అది తెప్పించాం. బోసు కొయ్యచేతికి గాజులు తొడుగుతాడు, పక్కన నిలబడి నీలవేణి సిగ్గుపడుతుంది. విలువల విభాగం ఆ చేతిని రెండు రోజులు పరిశీలనలో ఉంచుకుని ఒక్క ప్రశ్నతో తిప్పి పంపింది. "సదరు చేయి ఎవరిది?"

ఎవరిదీ కాదని రాశాం. అనాథ హస్తమును గ్రహించుట మరింత అభ్యంతరకరమని జవాబొచ్చింది.

మూడో ఉపాయం డైరెక్టరుగారిదే. దగ్గరగా తీసే షాట్లలో నీలవేణి చెయ్యికి బదులు మా లైట్‌మ్యాన్ కోదండం చెయ్యి పెట్టమన్నారు. మగవాడు మగవాడి చెయ్యి పట్టుకుంటే నియమావళికి నొప్పి లేదు. కోదండం చేతికి క్షవరం చేయించి, పౌడరు రాసి, గాజులు తొడిగించి తీశాం. కోదండం సిగ్గుపడిన మాట నిజం. నీలవేణి కంటే బాగా పడ్డాడు కూడా. కానీ ముంజేతి మీద "సుబ్బులు" అని పచ్చబొట్టు ఉంది, వాళ్ళావిడ పేరు. నాయకుడు పరస్త్రీ నామధేయమును నిమురుచున్నాడని వామనమూర్తిగారు మొత్తం రీలు కొట్టేశారు.

ఇలా వారాలు గడుస్తున్నాయి. స్టూడియో అద్దె పెరుగుతోంది. డైరెక్టరుగారు ఉత్సాహం పంపిన పైవాళ్ళకి జవాబు చెప్పుకోలేక నన్ను చూస్తే ముఖం తిప్పుకుంటున్నారు. చివరికి వామనమూర్తిగారే నియమావళి అట్టడుగున ఒక ఉపనిబంధన కనిపెట్టారు. నిజజీవితంలో దంపతులైన నటీనటులకు నాలుగడుగుల దూరం వర్తించదు. అందరం మేడ మీద సమావేశమయ్యాం. సోమలింగంగారు, నీలవేణి, బోసు కూడా వచ్చారు.

"ఆదోనియందు వేరొక నాటక సమాజము గలదు" అన్నారు వామనమూర్తిగారు. "అందు నాయికానాయకులు భార్యాభర్తలట. నాటకమును వారికి అప్పగించిన యెడల సమస్య పరిష్కారమగును."

సోమలింగంగారు కుర్చీలోంచి లేచారు. ఆయన లేస్తే కుర్చీ కూడా కొంచెం లేచింది.

"మా తాత రాసిన నాటకం ఆదోనోళ్ళు ఆడతారా? వాళ్ళకి పట్టయ్య మీసం ఎటు మెలేస్తారో తెలుసా? నా కంఠంలో ఊపిరుండగా జరగదది!"

"అట్లయిన మీ సమాజమునందలి పాత్రధారులకే వివాహము చేయించిన యెడల?"

ఈ మాట వామనమూర్తిగారే అన్నారు. ఎవరూ ఆయన చేత అనిపించలేదు. నేను నోరు మెదపలేదు. నా సర్వీసులో మౌనం వల్ల ఒకరికి మేలు జరుగుతుందేమోనని అనిపించిన క్షణం అదొక్కటే.

"ఏందయ్యా! నా కూతురి పెళ్ళి మీ ఆఫీసు చేస్తదా?"

"నిర్మాణ అవసరముల నిమిత్తము. మండపము వడ్రంగి విభాగము, భోజనములు క్యాంటీను. షూటింగు పూర్తియైన పిమ్మట సెట్టు విప్పివేయునట్లే సదరు వివాహము కూడా చట్టప్రకారము విప్పివేయబడును."

సోమలింగంగారు మళ్ళీ కూర్చున్నారు. ఒకపక్క కూతురు, ఒకపక్క ఆదోని. మింగమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం. చాలాసేపు మీసం దువ్వుకున్నారు.

"విప్పేస్తారు గదా? కాయితం రాసిస్తారు గదా?"

"తప్పక."

"అయితే ఉత్తుత్తి పెళ్ళే గదా. ఏషమనుకుందాం" అన్నారాయన.

నీలవేణి తల వంచుకునుంది. బోసు ఒళ్ళో పెట్టుకున్న హార్మోనియం మాత్రం ఎవరూ వాయించకుండానే ఒక్కసారి మూలిగింది.

మా కేంద్రం చేసిన మొదటి పెళ్ళి అది. ముహూర్తం పెట్టింది పంతులుగారు కాదు, స్టూడియో బుకింగు విభాగం. వ్యవసాయదారుల కార్యక్రమం అయిపోయాక మధ్యాహ్నం ఖాళీ ఉందన్నారు. పంతులుగారికి ఆడిషన్ తప్పనిసరి గనక పాసైన వారిలోంచే పిలిచాం. ఆయన మంత్రం చెబుతూ ప్రతి శ్లోకం చివరా కెమెరాకేసి చూసి చిరునవ్వు నవ్వాడు. అరటిచెట్లు రైతుల కార్యక్రమంవాళ్ళవే, వాటికి చీడల పేర్లు రాసిన చీటీలు అలాగే వేలాడుతున్నాయి. తాళిబొట్టు స్టోర్సు నుంచి వచ్చింది, వాడిన పిమ్మట వాపసు చేయవలెనన్న షరతుతో.

కానీ ఆ తాళి పళ్ళెంలోనే ఉండిపోయింది. ముహూర్త సమయానికి బోసు జేబులోంచి పసుపుతాడు ఒకటి తీశాడు. చిన్న బొట్టు, పాతది, వాళ్ళమ్మదట. ముడులు వేస్తుంటే నీలవేణి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. నాకూ తిరిగాయి, దాచడమెందుకు? పెళ్ళికూతురి తండ్రి మటుకు ఇదేమీ చూడలేదు. మీసం పెద్దదైందని మేకప్ మనిషితో పోట్లాడుతున్నారు.

పెళ్ళయిన వెంటనే షూటింగ్. దంపతులు గనక నాలుగడుగులు లేవు. గాజుల సన్నివేశం ఒక్క టేకులో అయిపోయింది. స్టూడియోలో కోదండం సహా ఎవరూ దగ్గలేదు.

వారం తిరక్కుండా సోమలింగంగారు మేడెక్కారు. పిల్లని ఇంకా ఆయన డేరాలోనే ఉంచుకున్నారు. బోసు బాపట్లలో, నీలవేణి రేపల్లెలో, మాఘం ముంచుకొస్తోంది.

"సెట్టు విప్పేశారా?"

"విప్పినాము."

"మరి పెళ్ళి?"

వామనమూర్తిగారు ఫైలు తిరగేశారు. "అందొక చిక్కు తలెత్తినది. ఇప్పుడు వివాహము రద్దు పరచి, రేపు కార్యక్రమమును పునఃప్రసారము చేసిన యెడల, తెరపై అవివాహితులిరువురు హస్తములు గ్రహించుకొనుచున్నట్లగును. అది నియమ విరుద్ధము. కావున టేపు ఉన్నంతకాలము వివాహము ఉండవలెను."

"పునఃప్రసారమా? అసలు ప్రసారం ఎప్పుడయ్యా?"

"ప్రసారమునకు అనుమతి రాలేదు. తండ్రి కన్నులెదుట మోసపోవుట పితృగౌరవమునకు భంగకరమని తేలినది."

"ఒకసారి కూడా ఎయ్యనిదాన్ని మళ్ళీ ఎట్టా ఏస్తారు?"

"నియమమునందు అట్టి భేదము చూపబడలేదు. ఏటా మా విభాగము వారు వచ్చి వివాహము సక్రమముగా నడచుచున్నదో లేదో తనిఖీ చేయుదురు."

సోమలింగంగారు నాకేసి చూశారు. ముప్పై ఏళ్ళు స్టేజీ మీద మోసపోయిన మనిషి, దిగి వచ్చాక కూడా మోసపోతే ఎలా ఉంటుందో ఆ ముఖంలో చూశాను. నాకు సిగ్గేసింది.

"అయితే టేపు చెరిపెయ్యండి" అన్నారు.

"రచయిత వారసులుగా మీరు కోరవచ్చును. కానీ ముందుగా మొత్తము చూచి, చెరుపదగినదేనని నిర్ధారింపవలెను."

మర్నాడే రమ్మన్నారు. నీలవేణి తండ్రితో వచ్చింది. కబురు తెలిసి బోసు బడికి సెలవు పెట్టి వచ్చాడు. ఇద్దర్నీ వరండాలో బల్ల మీద కూర్చోమన్నారు. అలవాటు కొద్దీ నాలుగడుగుల దూరంలోనే కూర్చున్నారు పాపం. లోపల టేపు చెరిపితే బయట వాళ్ళ పెళ్ళి చెరిగిపోతుంది. మా ఆఫీసు ఇంత పెద్ద పని ఎన్నడూ చేసి ఎరగదు.

ప్రివ్యూ గదిలో సోమలింగంగారు, వామనమూర్తిగారు, నేను. టేపు మొదలైంది. తన పాట తాను వింటూ సోమలింగంగారు మొదటి రంగమంతా తొడ మీద తాళం వేశారు. చెరిపితే ఆ గొంతు కూడా పోతుందని ఆయనకి తెలుసు. అయినా పంతం పంతమే, మెత్తబడలేదు. మూడో రంగం వచ్చింది. తెర మీద పట్టయ్య అరుగు చివర కూర్చుని, జనం వైపు తిరిగి, గాజుల ధర గీచి గీచి బేరమాడుతున్నాడు. ఆయన వీపు వెనక బోసు నీలవేణి చెయ్యి అందుకున్నాడు.

సోమలింగంగారి తాళం ఆగిపోయింది.

అప్పుడు నాకు స్ఫురించింది. ముప్పై ఏళ్ళుగా ఆ రంగంలో ఉన్న మనిషి, తన వెనక జరిగేదాన్ని ఎప్పుడూ చూడలేదు. పట్టయ్య అటు తిరిగే ఉండాలి. తాతగారు అలా పెట్టారు. జనం ఎందుకు నవ్వుతున్నారో ఆయనకి చప్పుడును బట్టి తెలుసు, అంతే.

ఆయన ముందుకు వంగారు.

"ఆ గాజులు సైజు తక్కువ గదా?" అన్నారు మెల్లిగా.

"అవునండీ. కొనుగోలు విభాగం వాళ్ళు చిన్నపిల్లల సైజు తెచ్చారు. మార్చడానికి టైము లేకపోయింది."

తెర మీద బోసు పాడుతూనే నీలవేణి బొటనవేలు లోపలికి మడిచి, అరచెయ్యి దగ్గరగా కూడదీసి, గాజుని కొద్దికొద్దిగా తిప్పుతూ ఎక్కిస్తున్నాడు. బిగిసినచోట పాట ఆపకుండా చెయ్యి ఆపాడు. ఆమె ఊపిరి పీల్చుకునేదాకా ఆగి మళ్ళీ తిప్పాడు. ఒకటి, ఇంకొకటి. నీలవేణి చెయ్యి చూసుకోవడంలేదు. అతని ముఖంలోకి చూస్తోంది, ఆ చూపులో నటన అన్నది మచ్చుకి కూడా లేదు.

"మళ్ళీ ఎయ్యండి" అన్నారు సోమలింగంగారు.

మళ్ళీ వేశాం. మూడోసారి కూడా వేయమన్నారు. మూడోసారి చివర తువ్వాలుతో ముఖం తుడుచుకున్నారు.

"ఒక్క గాజు కూడా చిట్లలా" అన్నారు. "పిల్ల చెయ్యి ఎర్రబళ్ళా. వాళ్ళమ్మ పోయినకాడ్నించీ దాన్ని అంత పదిలంగా పట్టుకున్నోడు లేడు. నేనూ పట్టుకోలా. నాకు బేరంతోనే సరిపోయింది."

వామనమూర్తిగారు కలం తీశారు. "చెరుపదగినదిగా నిర్ధారించినట్లేనా?"

"ఉంచండయ్యా. మీ నియమం మంచిదే. టేపు ఎన్నాళ్ళుంటే అన్నాళ్ళు ఉండనీయండి."

నియమం మంచిదని ఇంతవరకూ ఆయనతో ఎవరూ అనలేదు. వామనమూర్తిగారికి అనుమానం వచ్చి, ఆ మాట రాతపూర్వకంగా ఇవ్వమన్నారు. వినడానికి సోమలింగంగారు అక్కడ లేరు.

నేను వెనకే వెళ్ళాను. వరండాలో ఇద్దరూ లేచి నిలబడ్డారు. సోమలింగంగారు వాళ్ళిద్దరి మధ్యకి నడిచి, తువ్వాలు భుజాన వేసుకుని, ఆగకుండా అవతలికి దాటి మెట్ల దగ్గర నిలబడ్డారు.

"రేపు నిజాంపట్నంలో ఆట. వ్యాను కిందుంది, ఎక్కండి."

నీలవేణి కదిలింది. బోసు కదల్లేదు, ఎవర్నన్నారో తెలియక.

"నీకేనయ్యా చెప్పేది. ఎక్కు అల్లుడూ" అన్నారాయన. రెండు మెట్లు దిగి, వెనక్కి తిరక్కుండానే అన్నారు. "మూడో రంగంలో రేపట్నించి నేను మీకేసి తిరిగి కూచుంటా. జనం నవ్వకపోతే పోయారు."